కెజీయా అత్త విసిరిన బంతి

పోయిన నెల మా క్లబ్బు విందులో ఒక పెద్దమనిషి లేచి ఉపన్యాసం ఇచ్చాడు. ఫుట్‌బాల్ ఆటను గొప్ప గొప్ప బడుల్లో చదివిన దొరబిడ్డలు కనిపెట్టారట. లండన్‌లో ఎక్కడో కూర్చుని దానికి నియమాలు రాశారట. అక్కణ్ణుంచి అది మా బోటి ఊళ్ళకు దిగివచ్చిందట. అందరూ బల్లలు చరిచారు. నేను చరచలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది.

నియమాలు రాశారంటే ఒప్పుకుంటాను. ఆ నియమాలతో పదిహేనేళ్ళు ఆడినవాణ్ణి, ఆ ఆటంటే ప్రాణం పెట్టినవాణ్ణి. కానీ కనిపెట్టడమేమిటి? ఆ దొరబిడ్డల తాతలు పుట్టకముందు నుంచీ మా స్కార్లీ ఊళ్ళో బంతి కోసం జనం ముక్కులు పగలగొట్టుకుంటున్నారు. అందులో ఒక ముక్కు మా అత్తది. ఆ సంగతి ఆ విందులోనే చెప్పబోతే పక్కవాడు నా కోటు పట్టుకుని కూర్చోబెట్టాడు. ఇక్కడ ఎవడూ పట్టుకోడు కాబట్టి చెబుతాను.

కెజీయా మార్పుల్స్ మా నాన్న చెల్లెలు. అమ్మా నాన్నా ఒకే చలికాలం జ్వరంతో పోతే నన్ను తీసుకొచ్చి పెంచింది. ఆమె భర్త జోబు జోళ్ళు కుట్టేవాడు. ఆయన పోయిన వారానికి ఊళ్ళో పెద్దలు వచ్చి, కొట్టు ఎప్పుడు ఖాళీ చేస్తావమ్మా అని అడిగారు. అత్త జోబు ముక్కాలిపీట మీద కూర్చుని, తోలుకు చిల్లులు పొడిచే ఆయన ఆరె చేతిలోకి తీసుకుని, "మీ జోళ్ళకి అడుగులు అరిగాయి, విప్పండి" అంది. విప్పారు. ఆ తర్వాత ఆ పీట మీద ఇంకెవరూ కూర్చోలేదు.

జోళ్ళతో పాటు ఏడాదికి ఒక బంతి కుట్టేది. అట్ల మంగళవారం బంతి. ఉపవాస దినాలు మొదలయ్యే బుధవారానికి ముందు రోజు, ఇంట్లో ఉన్న గుడ్లూ వెన్నా అట్లు పోసుకుని తినేశాక, రెండు గంటలకు చర్చి గడియారం కొట్టగానే వంతెన మీద నుంచి బంతి పైకి విసిరేవాళ్ళు. వంతెనకు ఎగువన పుట్టినవాళ్ళంతా ఎగువోళ్ళు, దిగువన పుట్టినవాళ్ళంతా దిగువోళ్ళు. ఎగువోళ్ళు బంతిని మిల్లు నీటిచక్రం దాకా మోసుకెళ్ళి మూడుసార్లు తాకించాలి. దిగువోళ్ళు తోళ్ళ కార్ఖానా రాతితొట్టికి తాకించాలి. తాకించినవాళ్ళదే బంతి. మధ్యలో వీధులు, గోడలు, పందుల దొడ్లు, నది. ఇంతమందే ఆడాలని లెక్క లేదు, గీతలు లేవు, ఈల ఊదేవాడు లేడు. ఆడవాళ్ళూ ఆడేవాళ్ళు. బంతి నీళ్ళలో మునిగిపోకుండా లోపల కార్కు పొట్టు దట్టించేవాళ్ళు. ఎత్తితే చెయ్యి లాగేసేది.

అత్త పదిహేడేళ్ళప్పుడు ఆ బంతిని శాలువాలో చుట్టుకుని, పసిపిల్లను జోకొట్టుకుంటూ పోతున్నట్టు దిగువోళ్ళ మధ్య నుంచే నడిచి వెళ్ళిపోయింది. చివరి మలుపులో డోర్కాస్ బంటింగ్ అనే దిగువ పిల్ల కనిపెట్టి మోచేత్తో ఒక్కటిచ్చింది. ముక్కు విరిగింది. అయినా బంతి వదలకుండా వెళ్ళి చక్రానికి తాకించింది. అప్పటి నుంచి ఆమె ముక్కు ఎడమ పక్కకే చూస్తుండేది. డోర్కాస్ పెద్దయ్యాక బట్టలుతికే పని చేసేది. ఇద్దరూ సంవత్సరమంతా ఒకరి మొహం ఒకరు చూసుకునేవాళ్ళు కాదు.

మా ఊళ్ళో ఒక నమ్మకం ఉండేది. ఎన్నడూ ఆగకుండా జరుగుతున్నంత కాలమే అది మన హక్కు, ఒక్క ఏడాది బంతి పైకి లేవకపోతే ఇక ఏ కోర్టూ మనకి వీధి ఇవ్వదు అని. కలరా వచ్చిన ఏడు కూడా నలుగురు మనుషులు వంతెన ఎక్కి బంతి విసిరారు. ఆ నలుగురిలో అత్త ఒకతె.

ఇక మా దొర సంగతి. వార్‌బర్టన్ గారు నూలుమిల్లు యజమాని, మా ఊరికి మేజిస్ట్రేటు. చెడ్డవాడేం కాదు. తన మిల్లు పక్కన పచ్చిక మైదానం చదును చేయించి మాకు ఆటస్థలంగా ఇచ్చాడు. టోపీలు కుట్టించాడు. షెఫీల్డ్ నుంచి అచ్చయిన నియమాల పుస్తకం తెప్పించాడు. పదకొండు మందిలో నేను కెప్టెన్ని. అప్పటికి నాకు ఇరవై మూడేళ్ళు. నిజం చెబుతున్నాను, మొదటిసారి ఆ సున్నపు గీతల మధ్య నిలబడి, నా చుట్టూ పది అడుగుల ఖాళీ ఉండి, ఇంకొకడి కాలికి బంతి అందించి అది మళ్ళీ నా కాలికి తిరిగొచ్చినప్పుడు నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. వీధి ఆటలో బంతిని చూసేవాణ్ణే కాదు, మనుషుల వీపులు చూసేవాణ్ణి.

పద్దెనిమిది వందల డెబ్బై నాలుగో సంవత్సరం జనవరిలో చర్చి తలుపు మీద నోటీసు అంటించారు. వీధిలో గానీ, సందులో గానీ, రహదారి మీద గానీ బంతి విసిరినా తన్నినా జైలు. మిల్లులో, క్వారీలో పనిచేసే ప్రతి మగవాణ్ణీ పిలిచి, అలా ఆడనని పూచీకత్తు రాయించుకున్నారు. సంతకం పెట్టినవాళ్ళకు అట్ల మంగళవారం సగం రోజు సెలవు, కూలి కోత లేదు. ఆ రోజే రెండు గంటలకు మైదానంలో షెఫీల్డ్ జట్టుతో మా మ్యాచి. ఎవరెవరు వచ్చిందీ గేటు దగ్గర గుమాస్తా పేర్లు రాసుకుంటాడు. రెండు గంటల వేళ వీధిలో ఒక్క మగవాడు ఉండకూడదని దొర ఆలోచన. ఆడవాళ్ళను ఎవరూ లెక్కపెట్టలేదు. వాళ్ళు ఇళ్ళల్లో అట్లు పోసుకుంటూ ఉంటారనుకున్నారు.

మొదటి సంతకం నాది. ఆ సాయంత్రం ఇంటికి వెళ్తే అత్త తల ఎత్తకుండానే అడిగింది.

"పెట్టావా?"

"పెట్టాను. అందరూ పెట్టారు."

"అందరి సంగతి నేనడిగానా?"

"వీధిలో ఆడనన్నాను, అంతే కదత్తా. మైదానంలో ఆడుకుంటే తప్పేముంది? అక్కడ ముక్కులు పగలవు."

"నన్ను ఆడనిస్తారా అక్కడ?"

"ఆడవాళ్ళకి తాడు అవతల బల్లలు వేస్తున్నారు. కూర్చుని చూడొచ్చు."

"నేను కూర్చునేది జోళ్ళు కుట్టడానికిరా సేతూ. చూడ్డానికి కాదు." దారానికి మైనం పూసింది. "కుంటి ఐజాక్‌ని ఆడనిస్తారా?"

"పదకొండు మందే అత్తా. నియమం అది."

"ఊరంతా ఆడే ఆటని పదకొండు మందికిచ్చి, మిగతా ఊరికి తాడు ఇచ్చాడు మీ దొర. నువ్వెళ్ళి మొదటి సంతకం పెట్టొచ్చావు. అన్నం తిను, చల్లారిపోతోంది."

తిట్టి ఉంటే బాగుండేది. తిట్టలేదు.

ఇందులో ఇంకో తమాషా ఉంది. మ్యాచికి బంతి ఇవ్వాల్సింది మేమే, చుట్టుపక్కల బంతి కుట్టడం వచ్చింది మా అత్తకే. దొర ఆమెకే పురమాయించాడు. రెండు వారాలు కూర్చుని కుట్టింది. గాలి ఊదే రబ్బరు తిత్తి, దాని మీద ఎనిమిది తోలు ముక్కలు, ఒక్క కుట్టు కూడా వంకర లేదు. దాని పక్కనే అట్ల మంగళవారం బంతీ కుట్టింది. రెంటికీ ఒకే తోలు, ఒకే దారం.

సోమవారం మధ్యాహ్నం కానిస్టేబుల్ హాలమ్ కొట్టులోకి వచ్చాడు. డెర్బీ నుంచి వచ్చి ఇంకా మూడు నెలలు కాలేదు. అప్పుడు నేనక్కడే ఉన్నాను. క్లబ్బు బంతి కొక్కేనికి వేలాడుతోంది. కార్కు బంతి మీద అత్త కూర్చుని ఉంది, చుట్టూ గౌను కుచ్చిళ్ళు పరుచుకుని. హాలమ్ కొక్కేనికున్న బంతి తీశాడు, జేబులోంచి కత్తి తీశాడు, కోశాడు. బుస్సుమని గాలి పోయింది. నేను నోరు తెరిచాను. అత్త నా వంక చూసింది. మూసుకున్నాను.

"అయిందా నాయనా?" అంది అత్త.

"అయిందమ్మా. నా మీద కోపం పెట్టుకోకు. వీధి బంతి కోసెయ్యమని దొరగారి ఆజ్ఞ."

"కోపమెందుకు, చక్కగా కోశావు. తీసికెళ్ళి ఆయనకి చూపించు."

"ఇప్పుడు కాదు. రేపు మైదానంలో ఊరందరి ముందూ చూపించాలని ఆయన కోరిక."

"మరీ మంచిది" అంది అత్త.

అతను వెళ్ళాక తలుపు మూసొచ్చాను. "అత్తా, అది మా బంతి."

"రెండు వారాలు కుట్టాను. నాకు తెలీదా?"

"చెప్పొచ్చు కదా."

"ఒక్క మాట అడిగాడా? అడిగితే చెప్పేదాన్ని." ముక్కాలిపీట లాక్కుని, తన కింది బంతిని బల్ల కిందికి తోసింది. "నువ్వు వెళ్ళి చెప్పు. నీ నోటికి నేను కుట్టు వెయ్యలేదు."

వెళ్ళాను. అబద్ధమెందుకు, దొర ఇంటి గేటు దాకా వెళ్ళాను. చెబితే షెఫీల్డ్‌కి తంతి కొట్టి తెల్లారేసరికి ఇంకో బంతి తెప్పిస్తాడు, నా మ్యాచి దక్కుతుంది. హాలమ్ తిరిగొచ్చి బల్ల కింద వెతుకుతాడు, అత్త బంతి పోతుంది. చెప్పకపోతే నా మ్యాచి పోతుంది. చలిలో ఆ గేటు పట్టుకుని అరగంట నిలబడి, గంట కొట్టకుండా తిరిగొచ్చాను. ఎందుకొచ్చానంటే చెప్పలేను. ఆ ముక్కు గుర్తొచ్చింది.

మంగళవారం మధ్యాహ్నానికి మగవాళ్ళంతా మైదానంలో తాడు అవతల నిలబడ్డారు. నాలుగు వందల మంది ఉంటారు. షెఫీల్డ్ జట్టు రైలు దిగి వచ్చింది. రెండు కావడానికి పావుగంట ముందు వార్‌బర్టన్ గారు కుర్చీ ఎక్కి, మొరటు ఆటకు కాలం చెల్లిందని, ఇక ఊరికి మర్యాదస్తుల ఆట వచ్చిందని చెప్పి హాలమ్‌ని పిలిచారు. హాలమ్ ఆ కోసిన తోలు రెండు చేతులా పైకెత్తాడు.

జనం చూశారు. ఎనిమిది ముక్కలు, లోపల వేలాడుతున్న రబ్బరు. ఒక్క రవ్వ కార్కు పొట్టు లేదు. ఒకరినొకరు మోచేతులతో పొడుచుకున్నారు. చివరికి కుంటి ఐజాక్, క్వారీలో రాయి పడి కాలు పోగొట్టుకున్నవాడు, కర్ర మీద వాలి నెమ్మదిగా అన్నాడు.

"దొరగారూ, అది తమరి బంతండి."

నవ్వు ఒక మూల మొదలై మైదానమంతా పాకింది. షెఫీల్డ్ కెప్టెన్ నవ్వాపుకుంటూ, "మరి దేనితో ఆడమంటారు?" అని అడిగాడు. దొర మొహం ఎర్రబడిపోయింది. నా వైపు తిరిగారు.

"మీ అత్త దగ్గర ఇంకో బంతి ఉందా?"

"ఉందండి."

"పరుగెత్తి పట్టుకురా. నేను పంపానని చెప్పు."

ఎలాంటి బంతి అని ఆయనా అడగలేదు. నేను పరుగెత్తాను.

అత్త కొట్టులో లేదు. వంతెన దగ్గర యాభై మంది ఆడవాళ్ళు ఉన్నారు, కొందరి చేతులకు ఇంకా పిండి అంటుకునే ఉంది. ముందు అత్త, చంకలో బట్టల బుట్ట. ఆమె పక్కన డోర్కాస్. వాళ్ళిద్దరూ పక్కపక్కన నిలబడడం నేను పుట్టాక అదే చూడడం. ఇద్దరు పోలీసు జవాన్లు కర్రలు అడ్డంపెట్టి వంతెన మూసేశారు.

"బుట్టలో ఏముంది?" అంటున్నాడు ఒకడు.

"నీ లాగులే, ఉతికి తెచ్చాను" అంది డోర్కాస్. "విప్పి చూపించమంటావా? చిరుగులు అందరూ చూస్తారు మరి."

గడియారంలో రెండు కావడానికి నాలుగు నిమిషాలుంది. నేను రొప్పుతూ, "వార్‌బర్టన్ గారు నన్ను పంపారు. బంతి తెమ్మన్నారు, దారివ్వండి" అన్నాను. జవాన్లు ఒకరి మొహం ఒకరు చూసుకుని కర్రలు దించారు. అత్త వంతెన నడిమధ్యకు వెళ్ళి బుట్ట దించి, బంతి తీసి నా ముందు చాపింది.

"నీ మ్యాచికి కావాలంటే పట్టుకుపో. నేను అడ్డు చెప్పను."

దానితో మ్యాచి ఆడలేమని ఇద్దరికీ తెలుసు. అడిగింది అది కాదు. తీసుకుంటే రెండు గంటలకు బంతి పైకి లేవదు, అంతే. గడియారం కొట్టడం మొదలైంది. నేను చేతులు వెనక్కి కట్టుకున్నాను.

"విసురు అత్తా."

విసిరింది. ఆ రోజు బంతి ఎంత ఎత్తు లేచిందో ఇప్పటికీ చెబితే ఎవరూ నమ్మరు, నేను చెప్పడం మానేశాను.

కింద పడగానే డోర్కాస్ అందుకుంది. ఇక పొత్తు అక్కడితో సరి. తోళ్ళ కార్ఖానా వైపు పాతిక గజాలు లాక్కుపోయింది, ఆమె వెనక దిగువ ఆడవాళ్ళంతా. ఎగువ ఆడవాళ్ళు అడ్డం తిరిగారు. గోడ కూలింది, అట్లపెనం ఒకటి ఎగిరింది, ఎవరిదో జడ ఇంకెవరి చేతికో చిక్కింది. బంతి నదిలో పడింది. ఫిబ్రవరి నెల నది. అత్త యాభై ఎనిమిదేళ్ళ మనిషి, ఆగి చూసింది లేదు, దిగిపోయింది. జవాన్లు ఒడ్డున బూట్లు తడవకుండా నిలబడ్డారు. ఆడవాళ్ళు నడుము లోతు నీళ్ళలో తోసుకుంటూ ఏటికి ఎదురు సాగారు.

ఎగువన నీటిచక్రానికి ముందు వచ్చేది దొరగారి మైదానమే. ఒడ్డెక్కి, నీళ్ళు కారుతూ, తాడు కిందనుంచి దూరి సున్నపు గీతల మీదికి వచ్చారు. నేను వాళ్ళ వెనకే ఉన్నాను. మగవాళ్ళు కదల్లేదు. ప్రతివాడి మనసులోనూ ఆ పూచీకత్తే మెదులుతోంది. అప్పుడు ఐజాక్ టోపీ తీసి అడిగాడు.

"దొరగారూ, ఇది వీధా అండి?"

దొర హాలమ్ వైపు చూశారు.

"పోనీ సందా? రహదారా?"

హాలమ్ తన బూట్లు చూసుకున్నాడు. ఐజాక్ టోపీ గాల్లోకి విసిరి, కర్ర పక్కన పారేసి, తాడు మీదుగా ముందుకు పడ్డాడు. తర్వాత తాడు లేదు. నాలుగు వందల మంది దూకారు. షెఫీల్డ్ కెప్టెన్ నా చొక్కా పట్టుకుని, "మేము ఎగువనా, దిగువనా?" అన్నాడు. "ఏదో ఒకటి, తొందరగా" అన్నాను. గోలు స్తంభాల మధ్య పైన అడ్డంగా కట్టిన టేపు ఎవరి మెడకో చుట్టుకుపోయింది. వెలుతురు తగ్గకముందే అత్త బంతిని చక్రానికి మూడుసార్లు తాకించింది. మూడోసారి తాకించేటప్పుడు డోర్కాస్ ఆమె గౌను పట్టుకుని వేలాడుతూనే ఉంది.

మగవాళ్ళ మీద కేసు నిలవలేదు. అది దొర స్వంత మైదానం, పిలిచింది ఆయనే. కానీ వంతెన రహదారి. గురువారం అత్తను కోర్టుకు పిలిచారు. బంతిని బుట్టలో పెట్టుకునే వెళ్ళింది. మళ్ళీ విసరనని ఒక్క సంతకం పెడితే ఇంటికి పొమ్మన్నారు దొర.

"సంతకం చెయ్యడం వచ్చండి నాకు. పెట్టను" అంది.

"ఆ బంతి కోర్టుకు అప్పగించు."

"ఇది తాకించినవాళ్ళది. మీకు కావాలంటే వచ్చే ఏడు నీళ్ళలోకి దిగండి."

పధ్నాలుగు రోజులు వేశారు. నేను వెనక బెంచీ మీద కూర్చుని ఉన్నాను. బంతిని నేను వంతెన మీద ముట్టుకోలేదు కాబట్టి నా పూచీకత్తుకు భంగం లేదని, కెప్టెన్‌గా ఉండొచ్చని దొర కబురు పెట్టారు. ఆ మాట విని నాకు సిగ్గుతో తల ఎత్తబుద్ధి కాలేదు.

అత్త డెర్బీ జైలు నుంచి దగ్గుతో వచ్చింది. నది నీళ్ళదో జైలు గోడలదో, ఆ దగ్గు పోలేదు. క్రిస్మస్ దాటాక పీట మీద కూర్చోలేకపోయింది. మంచం మీదే బంతి మొదలుపెట్టింది. రోజుకు నాలుగు కుట్లు. నేను కుడతానంటే, "నీ కుట్టు నా చెప్పుకి కూడా ఆనదు" అనేది. జనవరి చివరి వారంలో పోయింది. బంతి ఒక పక్క తెరిచే ఉంది, కార్కు పొట్టు సంచి మంచం కింద ఉంది.

పొట్టు దట్టించి ఆ చివరి కుట్టు నేను వేశాను. పాములా వంకరగా వచ్చింది. విప్పి మళ్ళీ వేశాను, మళ్ళీ అలాగే వచ్చింది. అట్ల మంగళవారం దాన్ని చంకలో పెట్టుకుని, దాచుకోకుండా, హాలమ్ ఎదురుగానే వంతెన ఎక్కాను. గడియారం కొట్టింది. విసిరాను. అది కింద పడేలోపే నా భుజం మీద చెయ్యి పడింది. ఎవరు అందుకున్నారో చూడనివ్వలేదు.

కోర్టులో వార్‌బర్టన్ గారు కాగితం నా ముందుకు తోశారు. అదే కాగితం. "నువ్వు తెలివైనవాడివి సేత్. క్లబ్బు ఉంది, కెప్టెన్ పదవి ఉంది. సంతకం పెట్టు."

"పోయినేడు పెట్టానండి" అన్నాను. "ఆ ఒక్కటీ చాలు."

నాకూ పధ్నాలుగు రోజులే వేశారు. ఎవరు గెలిచారో, అసలు బంతి చివరిదాకా పోయిందో లేదో చెప్పే దిక్కు లేదు. ఆ రెండు వారాలూ అదొక్కటే నన్ను తినేసింది. పదిహేనో రోజు పొద్దున గేటు తీశారు. బయట వానలో డోర్కాస్ బంటింగ్ నిలబడి ఉంది. స్కార్లీ నుంచి పదమూడు మైళ్ళు నడిచొచ్చింది. నా చేతిలో ఒక రొట్టె పెట్టింది.

"మా తొట్టికి తాకించాం" అంది. "మూడుసార్లూ నేనే. కానీ నీ కుట్టు దార్లోనే ఊడిపోయింది. పొట్టంతా ఏటి పాలైంది, ఉత్త తోలు తాకించాల్సొచ్చింది. కెజీయా చూస్తే నవ్విపోయేది." నా మొహం కాసేపు చూసి, శాలువా అంచుతో నా చెంపలు తుడిచింది. "వచ్చే ఏడు సరిగ్గా కుట్టు."

కుట్టాను. ఇప్పటికి ముప్పై ఆరు కుట్టాను.